మూగబొమ్మలో ఆడపిల్ల

పోయిన వారం మనం పుష్పమ్మను నల్లగొండలో టాకీసు మెట్ల మీద, ఎక్కాలా వెనక్కి పోవాలా అన్న ఆలోచనలో వదిలేసి వచ్చాం. ఎక్కింది. ఎక్కకుండా ఎట్లా ఉంటుంది? కాపురానికి వచ్చిన నాటి నుంచి పేరు కూడా తెలియకుండా ఏ ఆడదాన్ని తిట్టిపోసిందో, ఆ ఆడది లోపల తెర మీద కనబడుతుందని తెలిశాక తిరిగి పోయేంత వైరాగ్యం పుష్పమ్మకు ఇంకా రాలేదు.

మధ్యలో వచ్చి చేరిన వాళ్లకు నాలుగు మాటలు చెప్పాలి. పుష్పమ్మ మొగుడు కట్టంగూరు భిక్షపతికి ఈ ఎండాకాలం మొదట్లో పక్షవాతం వచ్చింది. కుడివైపు పడిపోయింది, మాట పోయింది. ఎడమ చెయ్యి ఒక్కటే ఇంకా ఆయన చెప్పినట్టు వింటోంది. ఆ చేత్తో పొద్దంతా ఒకటే సైగ చేస్తున్నాడు. అరచేత్తో రొమ్ము మీద మెల్లగా రెండుసార్లు తట్టుకుంటాడు, తర్వాత మంచం మీద తన పక్కన జాగా చూపిస్తాడు. రొమ్ములో నొప్పేమోనని కొడుకు అమరేందర్ దవాఖానకు తీసుకుపోయాడు. అక్కడ గుండె బాగానే ఉందన్నారు. తననే పిలుస్తున్నాడేమోనని పుష్పమ్మ పోయి పక్కన కూర్చుంది. ఆయన మొహం అటు తిప్పుకుని మళ్లీ అదే సైగ చేశాడు. ఇక ఎక్కువ రోజుల్లేవు, ఇంట్లోనే పెట్టుకొమ్మని డాక్టరు పంపించేశాడు.

అటువంటప్పుడు ఆజం వచ్చాడు. నల్లగొండలో టాకీసు నడుపుతాడు. వాళ్ల నాయిన కరీం సాబు, సినిమాకు ఇంకా మాట రాని కాలంలో, డేరా కట్టుకుని జాతరల వెంట తిరుగుతూ మూగబొమ్మలు ఆడించినవాడు. తెల్లదొరల బొమ్మలు ఆడించీ ఆడించీ విసుగొచ్చి, మన ఊళ్ల మొహాలతో ఒక చిన్న బొమ్మ తనే తీశాడు. అందులో హీరో మన భిక్షపతి. పాత పెట్టె సర్దుతుంటే ఆ ఫిల్ము డబ్బా దొరికిందని, ఒకసారి చూడండని ఆజం కబురు మోసుకొచ్చాడు. ఆ బొమ్మ సంగతి పుష్పమ్మకు కొత్త కాదు. కొత్త కోడలుగా నీళ్లకు పోయిన మొదటి రోజే అమ్మలక్కలు చెవిన వేశారు, నీ మొగడు బొమ్మలో ఒక పిల్ల వెంట పడ్డాడట, దాన్ని చూసినట్టు ఇంకెవర్నీ చూడడట అని. ఎవరయ్యా అది అని అడిగితే భిక్షపతి ఏనాడూ బదులు చెప్పలేదు. దానితో ఆ పిల్ల పుష్పమ్మ కడుపులో కాపురం పెట్టింది.

అందుకే మొగుణ్ణి కోడలు మంజులతకు అప్పజెప్పి, కొడుకును వెంటబెట్టుకుని పొద్దుటి బస్సుకు వచ్చింది.

హాలు ఖాళీగా ఉంది. కుర్చీల నడుమ ఆజం తండ్రి నాటి చేతి మిషను పెట్టాడు. పక్కన బకెట్టుతో నీళ్లు పెట్టుకున్నాడు, పాత ఫిల్ము, ఇట్టే అంటుకుంటుందని. తలుపులు మూసి హ్యాండిల్ తిప్పడం మొదలుపెట్టాడు. తెర మీద ముందు నిలువు గీతలు పడ్డాయి. తర్వాత ఒక మోటబావి కనిపించింది. బావి గట్టు మీద ఎద్దుల్ని తోలుతూ ఒక పిల్లగాడు వెనక్కి వెనక్కి నడుస్తున్నాడు. తలకు రుమాలు, కొత్తగా మొలిచిన మీసం. ఇటు తిరిగి నవ్వాడు.

"బాపు!" అన్నాడు అమరేందర్ కుర్చీలోంచి లేచి.

పుష్పమ్మ తెర వైపు ముందుకు వంగింది. ఆ నవ్వు ఆమె ఎరగదు. లగ్గమైన కొత్తలో తలెత్తి మొగుడి మొహం చూసే ధైర్యం ఆమెకెక్కడిది? ఆ ధైర్యం వచ్చేనాటికి ఆ మొహం మీద ఆ నవ్వు లేదు. మనిషి తీరే అంత, నవ్వడం తక్కువ అనుకుని సర్దుకుపోయింది. ఇంత నవ్వు దాచుకుని తనకు చారెడు కూడా పెట్టలేదా ఈ మనిషి అని పుష్పమ్మకు కోపం వచ్చింది, ఆ వెంటనే జాలి కూడా వేసింది.

"ఇగో పెద్దమ్మా, ఇప్పుడు పిల్ల నీళ్లకు వస్తాంది," అని ఆజం మొదలుపెట్టాడు. మాటల్లేని బొమ్మ గనక వాళ్ల నాయిన తెర పక్కన నిలబడి కథ చెప్పేవాడట, ఆ అలవాటు కొడుక్కూ వచ్చింది. "గా పిల్లకు అన్నలున్నరు, వాళ్లు మస్తు..."

"నువ్వు జర ఊకో బిడ్డా. నాకు కండ్లున్నయి. నేను చూస్త."

పిల్ల వచ్చింది. చంకలో కడవ, తల మీద కొంగు. సన్నగా, పొడుగ్గా ఉంది. నడకలో ఒక సిగ్గు ఉంది. అందంగానే ఉంది, ఏం చేస్తాం, పుష్పమ్మ పళ్లు కొరుక్కుంది. పిల్లగాడు కడవ ఎత్తి పెట్టాడు. పిల్ల తల వంచుకుని పోయింది. ఆ తర్వాత చేను గట్టు. పిల్లగాడు గట్టు మీద కూర్చున్నాడు. అంత దూరాన పిల్ల నిలబడింది. పిల్లగాడు ఆమె వైపు చూసి అరచేత్తో రొమ్ము మీద మెల్లగా రెండుసార్లు తట్టుకున్నాడు, తన పక్కన గట్టు మీద జాగా చూపించాడు.

అమరేందర్ తల్లి వైపు చూశాడు, తల్లి కొడుకు వైపు చూడలేదు.

పిల్ల వచ్చి ఆ చూపించిన జాగాలో కూర్చుంది. పిల్లగాడు కాల్చిన జొన్న కంకి అరచేతుల్లో నలిపి, పొట్టు ఊది, వేడి గింజలు ఆమె దోసిట్లో పోశాడు. ఆమె తినలేదు, ఆయన్నే చూస్తూ కూర్చుంది. ఆయన ఇంకో కంకి నలిపాడు. అంతలో పిల్ల అన్నలు బండి కట్టుకుని వచ్చి ఆమెను ఎక్కించుకుపోయారు. పిల్లగాడు బండి వెనక నడిచాడు. బండి కనబడకుండా పోయాక కూడా ఆ దుమ్ములో నడుస్తూనే ఉన్నాడు. తెర తెల్లబడింది. బొమ్మ మొత్తం ఒక చుట్ట కాల్చినంత సేపు లేదు.

ఆజం తలుపు తీశాడు. వెలుతురు పడితే పుష్పమ్మ కళ్లు చిట్లించుకుంది.

"చూసినవా కొడుకా," అంది. "రెండు నెల్ల సంది మీ బాపు పిలుస్తున్నది దాన్ని. నేను పిచ్చిదాన్ని, నన్నేమో అనుకుని పోయి పక్కన కూసున్న."

పుష్పమ్మ ఆజం వైపు తిరిగింది.

"గా పిల్ల ఏ ఊరిదయ్యా ఆజం? సచ్చిందా, బతికున్నదా?"

ఆజం తల్లినీ కొడుకునూ మార్చి మార్చి చూశాడు. "మీకు ఎర్కలేదా పెద్దమ్మా? ఇన్నేండ్ల సంది ఎవలు చెప్పలేదా? అది ఆడపిల్ల గాదు. మన గాజుల షరీఫ్ చిచ్చ."

అమరేందర్ నవ్వడం మొదలుపెట్టాడు. నవ్వు ఆపుకోలేక కుర్చీ పట్టుకున్నాడు. రెండు నెలలుగా తండ్రి మంచం పక్కన బిగబట్టుకుని ఉన్నదంతా ఆ నవ్వులో పోయింది.

"అమ్మా! లగ్గమైన కాడికెంచి షరీఫ్ చిచ్చ మీద కుళ్లుకున్నవా? గడ్డం ఉన్న సవతి!"

ఆజం కూడా నవ్వాడు. పుష్పమ్మ కూడా కొంగు నోటికి అడ్డం పెట్టుకుని నవ్వింది. నవ్వక ఏం చేస్తుంది, ఊరందరికీ తెలిస్తే ఆర్నెల్లు చెప్పుకుంటారు. ఆ రోజుల్లో కెమెరా ముందుకు ఏ ఇంటి ఆడపిల్లనూ పంపేవాళ్లు కాదని ఆజం చెప్పాడు. షరీఫ్ అప్పటికి మీసం రాని పిల్లగాడు. తల్లితో గాజులు గుచ్చిన మలారం మోసుకుని ఇల్లిల్లూ తిరిగినవాడు, ఆడవాళ్లు ఎట్లా నడుస్తారో, కొంగు ఎట్లా సర్దుకుంటారో పక్కనే కూర్చుని చూసినవాడు. అందుకని కరీం సాబు అతనికే చీర కట్టించాడట.

"ఇంగొక్కసారి తిప్పుతవా బిడ్డా?" అంది పుష్పమ్మ.

"వేడికి అంటుకుంటదేమో పెద్దమ్మా... సరె, జొన్న కంకి కాడికి తిప్పుత."

ఈసారి పుష్పమ్మ పిల్లను చూడలేదు. మొగుణ్ణి చూసింది.

హ్యాండిల్ తిప్పుతూ ఆజం సంబరంగా చెప్పుకుపోతున్నాడు. "మా అబ్బాజాన్ అనేటోడు పెద్దమ్మా, అన్ని సీన్లల్ల 'గిట్ల చూడు, గట్ల నవ్వు, చెయ్యి ఎత్తు' అనుకుంట గొంతు పోయేదాక మొత్తుకున్నడట. మూగబొమ్మ గదా, ఒర్రినా ఏం గాదు. గీ సీనుకు మాత్రం నేనేం చెప్పలేదురా, వాళ్లే చేసిండ్రు, నేను హ్యాండిల్ తిప్పుకుంట కూసున్న అనేటోడు."

"బాపు మంచి యాక్టరే అన్నట్టు," అన్నాడు అమరేందర్.

పుష్పమ్మ నవ్వు అక్కడే ఆగిపోయింది. భిక్షపతి యాక్టరు? నచ్చని చుట్టం ఇంటికొస్తే ఆ మనిషి మొహం గడపలోనే చెప్పేసేది. కూర మాడిందా అంటే లేదనేవాడు, మొహం మాత్రం మాడిందనేది. దేవుడే దిగివచ్చి ఒక అబద్ధం ఆడవయ్యా అన్నా ఆయన మొహం ఒప్పుకునేది కాదు. అటువంటి మొహం తెర మీద, కంకి నలుపుతూ, పక్కనున్న మనిషిని చూస్తోంది. పొట్టు ఊదడం మరిచిపోయి చూస్తోంది. ఆ చూపుకు ఎదురుగా కూర్చున్నది ఆడపిల్లయితే ఏంటి, చీర కట్టిన షరీఫ్ అయితే ఏంటి? ఆడపిల్ల కాదని కొడుకు నవ్వాడు. పుష్పమ్మకు మాత్రం ఇప్పుడే అసలు దెబ్బ తగిలింది. ఆడపిల్లయితే ఎక్కడికో పోయింది, పోయిందే పోయింది. షరీఫ్ ఎక్కడికీ పోలేదు. ఏడాదికోసారి వాకిట్లోకి వచ్చి తన చేతులకే గాజులు తొడిగిపోయాడు.

"మీ నాయిన గీ బొమ్మ గింతతోనే ఎందుకు ఆపిండు మరి?" అని అడిగింది, తనకు జవాబు తెలిసినట్టే.

"మీ మామగారు వచ్చి వద్దన్నరట. ఇంట్ల లగ్గం పెట్టుకున్నం, గీ ఆటలు ఇగ చాలు అన్నరట."

ఆ లగ్గం తనదే.

తిరుగు బస్సులో అమరేందర్ నిద్రపోయాడు. పుష్పమ్మ కిటికీ పక్కన కూర్చుని వడగాలి మొహాన కొడుతున్నా రెక్క వెయ్యలేదు. అంతా ఒకటొకటే గుర్తొచ్చింది. పంటలు ఇంటికొచ్చాక షరీఫ్ వచ్చేవాడు. వాకిట్లో తుండు పరుచుకుని మలారం విప్పేవాడు. "చెల్లె, చెయ్యి ఇయ్యి," అని ఆమె చేతిని మెత్తగా నలిపి, నొప్పి తెలియకుండా గాజులెక్కించేవాడు. ఆ సేపంతా భిక్షపతి అటు తిరిగి కూర్చుని పగ్గం పేనుకుంటూ ఉండేవాడు. ఒక్క మాట మాట్లాడేవాడు కాదు. షరీఫ్ వచ్చిపోయిన రోజు సాయంత్రం అన్నం ముట్టేవాడు కాదు. ఎందుకయ్యా అంటే ఆకలి లేదనేవాడు.

పుష్పమ్మకు అర్థమైందల్లా ఒకటే, తన మొగుడికి ఈ గాజులాయన గిట్టడు. ఎందుకు గిట్టడో అడిగితే చెప్పే మనిషి కాదు. చెప్పకపోయినా మొగుడి మనసెరిగి నడుచుకోవడమే ఇల్లాలితనమని ఆమె నమ్మింది. అందుకని ఒక ఏడు, భిక్షపతి చేను కాడికి పోయిన వేళ చూసుకుని, షరీఫ్‌తో చెప్పేసింది. "షరీఫన్నా, ఏమనుకోకు. నువ్వొచ్చిపోయిన్నాడు మా ఆయన బువ్వ తినడు. నీ మీద మనసు విరిగినట్టున్నది. ఇంగ మా వాకిట్లకు రాకు."

షరీఫ్ అప్పుడే మలారం విప్పుతున్నాడు. విప్పినవన్నీ మళ్లీ గుచ్చుకున్నాడు. మంచినీళ్లు అడిగి తాగాడు. "గట్లనే చెల్లె," అన్నాడు. మళ్లీ రాలేదు. పదేళ్లవుతోంది. మొగుడికి ఒక మేలు చేశానని పుష్పమ్మ ఆనాడు పప్పులో నెయ్యి ఎక్కువ వేసి వడ్డించింది. ఆ సంగతి భిక్షపతికి చెప్పనూ లేదు, చేసిన మేలు చెప్పుకోవడం ఎందుకని. అప్పటి నుంచి ఏటేటా పంటలయ్యాక భిక్షపతి అరుగు మీద బాట వైపు మొహం పెట్టి కూర్చునేవాడు. "ఎవలయ్యా, చుట్టాలొస్తున్నరా?" అని ఆమె మేలమాడేది.

బస్సులో ఆ మాట గుర్తొచ్చి పుష్పమ్మ తన నోటి మీద తనే కొట్టుకుంది. ముందు సీటులో ఒకామె తిరిగి చూసింది.

ఇంటికి చేరేసరికి మధ్యాహ్నం దాటింది. మంజులత గంజి చల్లార్చి పెట్టింది. "నేను తాపిస్తగని, నువ్వు పోయి జర నడుం వాల్చు బిడ్డా," అని కోడల్ని పంపించి, పుష్పమ్మ తలుపు దగ్గరగా వేసింది. మంచం పక్కన పీట వేసుకుని కూర్చుంది. భిక్షపతి చెయ్యి రొమ్ము మీద తడుతోంది, పక్కన జాగా చూపిస్తోంది.

"చూసినయ్యా," అంది. "నీ బొమ్మ చూసొచ్చిన."

చెయ్యి ఆగింది.

"మంచిగున్నవు. నవ్వుతె మస్తు మంచిగున్నవు. నాకెర్కనే లేదు." గంజి చెంచా ఆయన నోటి దాకా తెచ్చి అక్కడే ఆపింది. "షరీఫన్న గూడ మంచిగున్నడు."

భిక్షపతి కళ్లు మూసుకున్నాడు. కంటి కొసలోంచి నీళ్లు చెవి వైపు జారాయి. ఆ నీళ్లు చూశాక ఇక పుష్పమ్మ తనను తాను ఆపుకోలేదు. మొదట మెల్లగానే మొదలుపెట్టింది.

"నాకు చెప్పొద్దా? నేనెవల్ని నీకు? ఊరోల్లకు చెప్పకు, పిల్లలకు చెప్పకు, నాకు చెప్పొద్దా? చెప్తె నేనేం చేద్దును, ఒర్రుదునా, బావిల పడుదునా? ఏమో, పడుదునేమో. గని ఎర్కయ్యేది గదా. నాల ఏదో తక్కువున్నదని, నా మొఖంల ఏదో లేదని, అద్దం ముంగట నిలబడి ఎన్నిసార్లు ఏడ్సిన్నో నీకేం ఎర్క! నువ్వు నన్నొక మాట అనలే. చెయ్యెత్తలే. నేను బాలింతనై జ్వరంల పడ్డప్పుడు పొయ్యి కాడ నువ్వే కూసుని వండినవు. గదే నాకు మంటెత్తుతాంది ఇయ్యాల. చెడ్డోనివైతె తిట్టి ఊకుందును. ఇంత మంచోన్ని పట్టుకుని ఎట్ల ఏడ్వాలె నేను, చెప్పు!"

చెప్పడానికి ఆయనకు నోరు లేదు. ఉన్నప్పుడూ చెప్పలేదు. పుష్పమ్మ కొంగుతో ముందు ఆయన చెవి దగ్గర తడి తుడిచి, తర్వాత తన మొహం తుడుచుకుంది.

"ఇంగొకటి చెప్త విను. షరీఫన్న తనంత తానుగ మానలే. నేనే రావద్దన్న. వాడొచ్చిపోయిన్నాడు నువ్వు తినకుంటె, వాడు నీకు గిట్టడనుకున్న. నీ మంచికే అనుకున్నయ్యా. నేనే తోలిన."

భిక్షపతి కళ్లు తెరిచాడు. పుష్పమ్మ బెదిరిపోయింది. ఆ కళ్లలో కోపం ఉంటుందనుకుంది, ఉంటే భరించడానికి సిద్ధపడే చెప్పింది. కోపం లేదు. పదేళ్లుగా బాట చూస్తూ ఆయన ఏమనుకున్నాడో ఆమెకు అప్పుడు తెలిసింది. షరీఫ్ తనను మరిచిపోయాడనుకున్నాడు, లేదా చనిపోయాడనుకున్నాడు. అవి రెండూ కాదని తెలిసి ఆయన మొహం విప్పారింది. పక్షవాతంతో వంకరపోయిన మూతి ఒక పక్క కదిలింది. పొద్దున తెర మీద చూసిన నవ్వులో సగం అక్కడ కనబడింది.

తిట్టినా బాగుండేది అనుకుంది పుష్పమ్మ. లేచి పెరట్లోకి పోయి దండెం కింద కూర్చుని కరువుతీరా ఏడ్చింది.

ఏడ్చి, ఆలోచించింది. పిలవకపోతే ఎవరడుగుతారు? ఎవరూ అడగరు. కొడుక్కు అది నవ్వులాట. ఇంకో నాలుగు రోజులు గడిస్తే అంతా అయిపోతుంది. ఈ మిగిలిన రోజులు తనవి. ఆయన్ని పక్కకు తిప్పేది తను, కడిగేది తను, గంజి తాపేది తను. జీవితంలో ఆయన పూర్తిగా తన చేతుల్లోకి వచ్చింది ఇప్పుడే. షరీఫ్ వస్తే ఆయన షరీఫ్‌ను చూస్తూ పోతాడు, తను కాళ్ల దగ్గర నిలబడి ఉంటుంది. చుట్టూ ఉన్నవాళ్లకు అదేమీ తెలియదు, తనకు తెలుసు. తెలిసి నిలబడాలి. అంత పెద్ద మనసు తనకెక్కడిది? పోనీ, పిలవకుండా ఊరుకుంటే, ఆ చెయ్యి అట్లా తడుతూ తడుతూ ఒక పూట ఆగిపోతే, ఆ తర్వాత తను ఎట్లా బతకాలి?

పొద్దు వాలకముందే అమరేందర్‌ను పిలిచింది. "షరీఫన్న ఏడున్నడట?"

"కోస్గిల బిడ్డ జాహేదా కాడ ఉన్నడని ఆజం అన్నడు గదా అమ్మా. కండ్లు సరిగ కనబడవట."

"తెల్లారి బస్సుకు పోయి తోలుకరా."

"మంచి పనమ్మా. పాత దోస్తును చూస్తె బాపు పానం జర నిమ్మలమైతది," అన్నాడు కొడుకు. దోస్తు అన్న మాట పుష్పమ్మకు ముల్లులా దిగింది. అయినా అవునంది.

కోస్గి దగ్గర కాదు. పట్నం పోయి, బస్సు మారి, మళ్లీ అంత దూరం పోవాలి. అమరేందర్ పోయిన రోజంతా పుష్పమ్మ మంచం వదల్లేదు. "పంపిన. వస్తడు," అని చెప్పింది. ఆ మాట విన్నాక భిక్షపతి సైగ చెయ్యడం మానేశాడు. చెయ్యి రొమ్ము మీద పెట్టుకుని గుమ్మం వైపు చూస్తూ పడుకున్నాడు. ఆమె గడ్డం గీసింది, తల దువ్వింది, ఉతికిన ధోవతి కట్టింది. పెళ్లికొడుకును చేసినట్టు చేస్తున్నానని తోచి చెయ్యి ఆగింది. మళ్లీ దువ్వింది.

మర్నాడు మధ్యాహ్నానికి ఊపిరి మారింది. ఒకటి తీసుకుంటే రెండోది చాలాసేపటికి గాని రావడం లేదు. పుష్పమ్మకు అదేమిటో తెలుసు, మామనూ అత్తనూ అట్లాగే సాగనంపింది. మంచం మీదే కూర్చుని ఆయన తల ఒళ్లోకి తీసుకుంది. "జర ఆగయ్యా, వస్తున్నడు, జర ఆగు," అని చెప్తూ ఉంది. తను షరీఫ్ కోసం ఇంతగా ఎదురుచూస్తానని మూడు రోజుల కింద ఎవరైనా అంటే చీపురు తిరగేసేది.

మంజులత బాట మీది నుంచి పరుగెత్తుకుంటూ వచ్చింది.

"అత్తమ్మా, వచ్చిండ్రు! బస్సు దిగిండ్రు!"

"లోపటికి తోలుకరాండ్రి మరి! ఏం చూస్తున్నరు?"

"వస్తలేడత్తమ్మా." మంజులతకు రొప్పు ఆగలేదు. "మన దర్వాజ కాడిదాక వచ్చి నిలబడ్డడు. నీ కొడుకు చెయ్యి పట్టి గుంజినా గడప తొక్కుతలేడు. 'ఆ తల్లి నోటితోటి రావద్దన్నది, ఆ తల్లే వచ్చి రమ్మంటె వస్త, లేకుంటె గీడికెంచే సలాం జేసి పోత' అంటుండు. నువ్వు రావాలె."

పుష్పమ్మ లేవబోయింది. లేవలేకపోయింది. భిక్షపతి ఎడమ చెయ్యి ఆమె మణికట్టును పట్టుకుంది.

ఇన్నేళ్ల కాపురంలో ఆయన ఆమె చెయ్యి అట్లా పట్టుకోవడం అదే మొదటిసారి. వేళ్లు బిగిసిపోయి ఉన్నాయి. కళ్లు గుమ్మం వైపు లేవు. ఆమె మొహం మీద ఉన్నాయి.

"ఏందయ్యా?" అంది పుష్పమ్మ. "పోయి తోలుకొస్త. ఇడువు. దర్వాజ దాకనే."

ఆయన విడవలేదు. పొమ్మంటున్నాడో, పోవద్దంటున్నాడో, భయపడుతున్నాడో ఆమెకు తెలియలేదు. ఊపిరి ఒకటి వచ్చింది. రెండోదాని కోసం ఆమె ఎదురుచూసింది.

"అమ్మా!" బయట నుంచి అమరేందర్ కేక వేశాడు. "జల్ది రా అమ్మా! చిచ్చ ఎనుకకు తిరుగుతుండు!"

రెండో ఊపిరి ఇంకా రాలేదు. పుష్పమ్మ తన రెండో చేత్తో ఆయన చిటికెన వేలిని పట్టుకుని మెల్లగా విడదీసింది. ఆ వేలు మళ్లీ వచ్చి బిగుసుకుంది.